మూడో మనిషి లేని ఇల్లు

అరుదైన మనోవ్యాధుల మీద బ్రిటిష్ వైద్యుడు డేవిడ్ ఇనాక్ సహరచయితలతో కలిసి రాసిన గ్రంథంలో ఒక జంట కనిపిస్తుంది. ఆలుమగలిద్దరికీ 34 ఏళ్ళు. ఎవరో తమ ఇంట్లోకి వచ్చిపోతున్నారని, వచ్చినవాళ్ళు దుమ్మూ నూగూ చల్లిపోతున్నారని, పైగా తమ బూట్లు అరగదీస్తున్నారని ఇద్దరూ ఒకే మాటగా చెప్పారు. వింటే నవ్వొస్తుంది. పరాయి కొంపలో దూరి బూట్లు అరగదీసే శత్రువు ఎక్కడుంటాడు? అయితే ఆ ఇంట్లో దుమ్ము నిజంగానే ఉండి ఉంటుంది, బూట్లూ నిజంగానే అరిగి ఉంటాయి. దుమ్ము పడని ఇల్లు, అరగని బూటు లోకంలో లేవు. విశాఖవాసులకు ఈ సంగతి ఒకరు చెప్పనక్కర్లేదు. ఓడరేవు నుంచి వచ్చే నల్లధూళి వన్‌టౌన్, జ్ఞానాపురం ఇళ్ళలో పేరుకోవడం మీద ఏళ్ళ తరబడి ఫిర్యాదులున్నాయి. మధురవాడ వైపు వస్తే కొత్త కట్టడాల దుమ్ము. పొద్దున ఊడ్చిన గచ్చు మీద సాయంత్రానికి మళ్ళీ పొర కడితే ఇల్లాలు పక్కింటావిడతో ఆ మాట అంటుంది. ఆవిడ "మా ఇంట్లోనూ అంతే" అంటుంది. ఇద్దరూ కలిసి పోర్టునో కార్పొరేషన్‌నో తిట్టుకుంటారు. ఆ నాలుగు ముక్కల్లో ఒక పెద్ద పని జరిగిపోతుంది: దుమ్ము ఎవరి మీదా కక్షతో పడటం లేదని తేలిపోతుంది. బూట్ల జంటకు కరువైనది ఈ పక్కింటి మాటే. రోగం ఒకరి మెదడులో పుట్టవచ్చు గానీ, అది ఇద్దరి కాపురంగా మారి ఏళ్ళ తరబడి నిలవాలంటే ఆ ఇంట్లోకి మూడో మనిషి మాట రాకుండా పోవాలి. ఇక్కడ నేను నిలబెట్టదలచిన వాదన ఇదే.

ఈ స్థితిని పకడ్బందీగా వర్ణించిన తొలి వైద్యులు ఫ్రాన్స్‌కు చెందిన లసేగ్, ఫాల్రే. 1877లో వాళ్ళు దీనికి 'ఫోలీ ఆ దూ' (ఇద్దరి పిచ్చి) అని పేరు పెట్టారు. నూటయాభై ఏళ్ళు కావస్తున్నా వాళ్ళు చెప్పిన షరతుల్ని పూర్తిగా కొట్టేసినవాళ్ళు లేరు. ఒకరు చురుకైనవారు, భ్రమను పుట్టించేది వారే. రెండోవారు అంత చొరవ లేనివారు, మొదట ఎదురాడి, తర్వాత మెత్తబడి, చివరికి ఆ భ్రమకు తమ వంతు నగిషీలు కూడా చెక్కుతారు. ఇద్దరూ చాలాకాలం ఒకే చూరు కింద, ఒకే భయాలతో, ఒకే ఆశలతో, బయటి ప్రభావాలకు దూరంగా బతికి ఉండాలి. ఇక చివరిది, నా దృష్టిలో అన్నిటికన్నా లోతైనది: ఆ భ్రమ నమ్మదగినట్టు ఉండాలి. ఆకాశం నుంచి గుర్రాలు దిగుతున్నాయంటే భార్య అయినా నమ్మదు. ఆస్తి కోసం ఆడపడుచు మందు పెట్టిందంటే నమ్మవచ్చు. పిచ్చి అంటే అర్థంపర్థం లేని మాటలని అనుకుంటాం. ఇద్దరికి పాకే పిచ్చి మాత్రం ఎప్పుడూ ఆ ఇంటి లెక్కలో అర్థవంతంగానే ఉంటుంది.

మొదటి మనిషి మెదడులో ఏం జరుగుతుందో చెప్పడానికి ఇప్పుడున్న వివరణల్లో నిలబడుతున్నది 2003లో షితిజ్ కపూర్ ప్రతిపాదించినది. మన కంటికి, చెవికి క్షణక్షణం తగిలే వేల సంగతుల్లో ఏది పట్టించుకోదగినదో, ఏది వదిలేయదగినదో ముద్ర వేసే పనిలో డోపమిన్ అనే రసాయనానికి పెద్ద పాత్ర ఉంది. ఆ ముద్ర వేయడం అదుపు తప్పితే పనికిమాలిన వాటి మీద కూడా 'ఇది ముఖ్యం' అన్న గుర్తు పడుతుంది. గుమ్మం దగ్గర దుమ్ము, ఎదురింటి కిటికీ తెర కదలడం, తెలియని నంబరు నుంచి వచ్చి ఆగిపోయిన ఫోను, అన్నీ తనను ఉద్దేశించినవే అనిపిస్తాయి. ఆ అనుభవాన్ని అర్థం చేసుకోవడానికి మనసు అల్లుకునే కథే భ్రమ. మందులు ఆ ముద్రల తీవ్రతను తగ్గిస్తాయి. అల్లిన కథను మాత్రం అవి ఒక్కరోజులో విప్పలేవు. మరి రెండో మనిషి సంగతి? వారి మెదడులో ఆ ముద్రలు అదుపు తప్పి ఉండనక్కర్లేదు. వారికి ఆ కథ అనుభవంగా రాలేదు, నమ్మిన మనిషి నోటి మాటగా వచ్చింది. మనకు తెలిసిన వాటిలో ముప్పావు వంతు అలా వచ్చినవే. భూమి గుండ్రంగా ఉందని మనలో ఎంతమంది కొలిచి చూశారు? చెప్పినవాళ్ళను నమ్మాం. రెండో మనిషి చేసిందీ అదే, కాకపోతే చెప్పినవారు జబ్బుతో ఉన్నారు.

నమ్మేముందు తూచుకోవద్దా అని అడగవచ్చు. తూచుకునే పద్ధతిలోనే ఒక లొసుగు ఉంది. 2010లో బహదూర్ బహ్రామీ, క్రిస్ ఫ్రిత్ తదితరులు 'సైన్స్' పత్రికలో ఒక ప్రయోగం ప్రచురించారు. ఇద్దరేసి మనుషులకు తెర మీద పోల్చుకోవడానికి కష్టమైన మసక గుర్తులు చూపించి, అభిప్రాయం కుదరనప్పుడు మాట్లాడుకుని ఒక నిర్ణయానికి రమ్మన్నారు. ఇద్దరి చూపూ ఇంచుమించు సమానంగా ఉన్నప్పుడు ఉమ్మడి నిర్ణయం ఇద్దరిలో మెరుగైనవారి నిర్ణయం కన్నా బాగా వచ్చింది. చూపుల్లో తేడా బాగా ఎక్కువైతే లెక్క తిరగబడింది, జంట నిర్ణయం మెరుగైనవారు ఒంటరిగా తీసుకునే నిర్ణయం కన్నా అధ్వానంగా తేలింది. కారణం ఏమిటంటే మనం ఒకరికొకరం చెప్పుకోగలిగింది ఎంత నమ్మకంగా ఉన్నామన్నదే. ఎంత సరిగ్గా చూశామన్నది చెప్పుకునే దారి లేదు. ఇక భ్రమ లక్షణమే తిరుగులేని నమ్మకం. అసాధారణమైన నిశ్చయం, ఎన్ని రుజువులు చూపినా చెక్కుచెదరకపోవడం దాని గుర్తులని కార్ల్ యాస్పర్స్ 1913లోనే రాశాడు. ఆరోగ్యంగా ఉన్న మనిషి 'ఏమో, కాకపోవచ్చు' అంటాడు. రోగి 'ముమ్మాటికీ అంతే' అంటాడు. ఇద్దరే ఉన్న ఇంట్లో ఈ రెండు మాటల మధ్య పోటీ ఎటు తేలుతుందో వేరే చెప్పాలా? మూడోవారు ఉంటే రోగి నిశ్చయానికి ఎదురుగా రెండు 'ఏమో'లు నిలబడతాయి, ఆ రెండూ ఒకదాన్నొకటి బలపరుచుకుంటాయి.

సాంఘిక మనస్తత్వశాస్త్రం చదివినవారు ఇక్కడ ఒక అభ్యంతరం లేవనెత్తవచ్చు, అది గట్టిదే. 1950లలో సాలమన్ యాష్ గీతల పొడవులు పోల్చమని చేసిన ప్రయోగాల్లో, చుట్టూ ఉన్నవాళ్ళంతా ముందే కూడబలుక్కుని తప్పు చెబితే మామూలు మనుషులు కూడా మూడింట ఒక వంతు సార్లకు పైగా కళ్ళెదుటి నిజాన్ని వదిలి వాళ్ళతో గొంతు కలిపారు. నిజం చెప్పే తోడు ఒక్కరు దొరికితే ఆ ఒత్తిడి నాలుగో వంతుకు పడిపోయింది. ఇంతవరకు నా వాదనకు అనుకూలమే. కానీ అదే యాష్ ఇంకో సంగతి కూడా చూపించాడు: ఎదురుగా తప్పు చెప్పేవారు ఒక్కరే అయితే ఎవరూ పెద్దగా లొంగలేదు. అలాంటప్పుడు ఒక్క భర్త మాటకు భార్య, ఒక్క భార్య మాటకు భర్త ఎందుకు లొంగాలి? దీనికి నా జవాబు రెండు భాగాలు. యాష్ గదిలో ఎదుటివాడు ఎవరో పరాయివాడు. గంట గడిచాక మనిషి తన లోకంలోకి తాను వెళ్ళిపోతాడు. తలుపులు మూసుకున్న ఇంట్లో ఆ లోకం లేదు. అక్కడ ఎదుటి ఒక్కరే సమాజం మొత్తం, కాబట్టి వారి ఒక్క ఓటే సంపూర్ణ మెజారిటీ. రెండోది, గీత పొడవు కళ్ళకు తేటగా కనిపించే విషయం. దుమ్ము ఎక్కడి నుంచి వచ్చింది, పక్కవాళ్ళు ఎందుకు గుసగుసలాడారు అన్నవి మసక విషయాలు. మసక విషయాల్లో ఏం జరుగుతుందో ముజఫర్ షెరీఫ్ 1935లో తేల్చాడు. చీకటి గదిలో కదలని ఒక వెలుగు చుక్కను చూపిస్తే అది కదులుతున్నట్టు అనిపిస్తుంది. ఎంత కదిలిందంటే ఒక్కొక్కరు ఒక్కో అంకె చెబుతారు. ఇద్దరు ముగ్గుర్ని కలిపి కూర్చోబెడితే క్రమంగా అందరి అంకెలూ ఒకచోటికి చేరతాయి. తర్వాత విడివిడిగా కూర్చోబెట్టినా కలిసి ఉన్నప్పుడు కుదిరిన అంకెనే చెబుతారు. అసలు కదలని చుక్క గురించి ఇంత ఒప్పందం! ఈ చివరి మాట చికిత్స దగ్గర మళ్ళీ అక్కరకొస్తుంది.

ప్రయోగశాల వదిలి మన గోదావరి జిల్లాలకు వద్దాం. 2021 జూలైలో తూర్పు గోదావరి జిల్లా రాజోలు మండలం కడలి గ్రామంలో (ఇప్పుడది కోనసీమ జిల్లా) ఒక కుటుంబాన్ని పోలీసులు, గ్రామస్థులు కలిసి ఇంట్లోంచి బయటికి తెచ్చి ఆసుపత్రికి పంపారు. పక్కింట్లో ఒకరు కోవిడ్‌తో పోయారన్న భయంతో ఆ ఇంటి ఆడవాళ్ళు పదిహేను నెలల పాటు గడప దాటలేదు. ఇంటి స్థలం మంజూరైంది, వేలిముద్ర వేయాలని గ్రామ వాలంటీర్ వెళ్ళి పిలిస్తే, బయటికి వస్తే చచ్చిపోతామని లోపలి నుంచి సమాధానం వచ్చింది. అలా విషయం బయటపడింది. 2022 డిసెంబరులో కాకినాడ జిల్లా కాజులూరు మండలం కుయ్యేరులో తల్లీకూతుళ్ళు ఇలాగే రెండేళ్ళకు పైగా ఒక గదిలో ఉండిపోయినట్టు తెలిసి, వైద్య సిబ్బంది, పోలీసులు కాకినాడ ప్రభుత్వ ఆసుపత్రికి తరలించారు. ఈ కుటుంబాలకు ఏ వ్యాధి ఉందో నిర్ణయించే అధికారం నాకు లేదు, ఆ అవసరమూ లేదు. నాకు కావలసింది ఆ నమ్మకం నడిచిన తీరు. 2020 మార్చి 25న దేశమంతా తలుపులు వేసుకున్నప్పుడు 'బయటికి వెళితే చస్తాం' అన్నది భ్రమ కాదు, ఇంచుమించు ప్రభుత్వం మాటే. లసేగ్, ఫాల్రేలు చెప్పిన 'నమ్మదగినతనం' ఆ రోజు నూటికి నూరుపాళ్ళు ఉంది. తర్వాత లోకం మారింది. బస్సులు తిరిగాయి, పెళ్ళిళ్ళు జరిగాయి, టీకాలు వచ్చాయి. ఆ ఇళ్ళలో తేదీ మాత్రం మారలేదు. పుట్టినప్పుడు ఒప్పుగానే ఉన్న నమ్మకం, దిద్దేవారు లేక తప్పుగా మిగిలిపోయింది. అందుకే భ్రమను గుర్తించాలంటే అది ఎక్కడ మొదలైందని చూసినంత మాత్రాన లాభం లేదు, ఎన్నాళ్ళుగా ఎవరి మాటతోనూ సరిచూసుకోలేదని చూడాలి.

ఈ రెండు ఉదంతాల్లో ఇంకో అంశం ఉంది, దాన్ని ఎవరూ పెద్దగా పట్టించుకోరు. మనుషులు ఒంటరిగా ఉండాలన్నా వాళ్ళకు బియ్యం, ఉప్పు కావాలి. కడలిలో ఆ ఇంటి మగవాళ్ళు సరుకుల కోసం బయటికి వచ్చి వెళ్ళేవారు. కుయ్యేరులో ఇంటి పెద్దాయన తిండి అందించేవాడు. మూసిన గది మూసినట్టే నడవడానికి ఆ అందించే చేయి ఆధారం. ఇక్కడ తీర్పు చెప్పడం తేలిక, కానీ అన్నం మాన్పించి తలుపు తీయించమని ఏ భర్తకు చెప్పగలం? ప్రేమ వల్ల జబ్బు కొనసాగే చిక్కుముడి ఇది. పరస్పరం ఆధారపడిన జంటల్లో రెండో మనిషి కూడా ఇలాంటి బేరమే చేసుకుంటాడు. భాగస్వామి మాట కాదంటే ఉన్న ఒక్క బంధమూ పోతుంది. ఔనంటే పోయేది వాస్తవం, అది ఆ ఇంట్లో ఎలాగూ ఎవరికీ పెద్దగా పనికి రావడం లేదు. లొంగడం ఇక్కడ తెలివితక్కువతనం కాదు, ఖర్చులు బేరీజు వేసుకోవడం. ఆ వేసుకునే తీరుకు ఆడా మగా తేడా లేదు. భర్త చెప్పిందే వేదమనుకునే ఇల్లాలే ఇలా మారుతుందని పాత వైద్యులు అనుకునేవారు. సిల్వీరా, సీమన్ అనే కెనడా పరిశోధకులు 1942 నుంచి 1993 వరకు ప్రచురితమైన 61 ఉదంతాలను 1995లో తిరగేస్తే రెండో స్థానంలో స్త్రీలూ పురుషులూ సమానంగానే కనిపించారు.

చదువు లేక, మూఢనమ్మకాల వల్ల ఇలా అవుతుందన్న మాట తరచూ వినిపిస్తుంది. 2021 జనవరి 24న చిత్తూరు జిల్లా మదనపల్లెలో ఎదిగిన కూతుళ్ళిద్దరూ ఇంట్లోనే హత్యకు గురైనప్పుడు రాష్ట్రం నివ్వెరపోయింది ఇందుకే. నిందితులైన తల్లిదండ్రులిద్దరూ ఉన్నత చదువులు చదివి, చదువు చెప్పే వృత్తిలో ఉన్నవారు. చనిపోయినవాళ్ళు మళ్ళీ బతికి వస్తారని వారు నమ్మినట్టు పోలీసులు చెప్పారు. తర్వాత వైద్యుల సలహా మీద వారిని తెచ్చింది మన విశాఖకే, చినవాల్తేరులోని ప్రభుత్వ మానసిక వైద్యశాలకు. మద్రాసు ప్రెసిడెన్సీ రోజుల నుంచి ఉత్తరాంధ్రకు, తర్వాత యావదాంధ్రకు పెద్ద దిక్కుగా ఉన్న ఆసుపత్రి అది. జనం ఇప్పటికీ 'పిచ్చాసుపత్రి' అనే పిలుస్తారు, ఆ పిలుపే ఎంతోమందిని దాని గేటు దాకా రానివ్వదు. ఆ కేసులో నేరబాధ్యత తేల్చాల్సింది కోర్టు. చదువు గురించి మాత్రం ఒక మాట చెప్పవచ్చు. చదువు మనిషికి వాదించే శక్తినిస్తుంది, ఆ శక్తి నిజానికీ భ్రమకూ సమానంగా ఊడిగం చేస్తుంది. గణితం వచ్చినవారి భ్రమ మరింత తర్కబద్ధంగా ఉంటుంది, అంతే. ఇక మూఢనమ్మకానికీ దీనికీ తేడా ఉంది. చేతబడిని నమ్మే ఊళ్ళో ఆ నమ్మకం నలుగురిదీ. దానికి హద్దులు, విరుగుళ్ళు, చాదస్తమని నవ్వేవాళ్ళు అన్నీ ఆ ఊళ్ళోనే ఉంటాయి. ఇద్దరి భ్రమకు ఆ హద్దు లేదు. ఊరి నమ్మకం నుంచి సరంజామా తెచ్చుకున్నా, ఆ ఊరివాళ్ళే విని 'ఇదేం చోద్యం' అనేంత దూరం అది పోతుంది.

వంశపారంపర్యం సంగతి ఏమిటన్నది మరో ప్రశ్న. 2006లో ఆర్నోనే తదితరులు తరువాతి కాలపు ఉదంతాలను సమీక్షిస్తూ, రెండో మనిషిలో కూడా మనోవ్యాధి చరిత్ర తరచూ ఉందని, రోగి, అనుచరుడు అన్న పాత విభజన నిలవడం లేదని రాశారు. అమెరికా మనోవైద్యుల సంఘం 2013 నాటి తన వ్యాధుల వర్గీకరణ గ్రంథం డీఎస్ఎమ్-5లో దీన్ని విడి వ్యాధుల జాబితా నుంచి తీసేసింది. అయితే ఏకాంతానికి అంత ప్రాధాన్యం ఎందుకివ్వాలి? అక్కాచెల్లెళ్ళు, తల్లీకూతుళ్ళ మధ్య అయితే జన్యువుల మాట కాదనలేం. కానీ సిల్వీరా, సీమన్ చూసిన ఉదంతాల్లో భార్యాభర్తలు తోబుట్టువులతో సమానంగానే ఉన్నారు. వాళ్ళది రక్తసంబంధం కాదు. తెలుగునాట ఇక్కడ ఒక మెలిక ఉంది, ఒప్పుకోవాలి: మేనరికాలు ఇంకా బాగానే ఉన్న సమాజంలో ఆలుమగలు ఒకే తాత మనవలు కావచ్చు. పాశ్చాత్య సమీక్షల లెక్కను ఇక్కడికి ఉన్నదున్నట్టు తేలేం. అయినా జన్యువులు మనిషిని అంచు దాకా తేగలవు గానీ, ఫలానా భ్రమే, అదీ అచ్చం భాగస్వామిదే, ఎందుకు వచ్చిందో చెప్పలేవు. బూట్లు అరగదీసే శత్రువు జన్యువుల్లో ఉండడు. మరోవైపు, లాక్‌డౌన్ దేశంలో అందరినీ ఒంటరిని చేసినా కడలిలా అయినవి ఏ కొన్ని ఇళ్ళో. కాబట్టి ఏకాంతం ఒక్కటే కారణమని నేనూ అనను. దుర్బలమైన మనసు, విడదీయలేని బంధం, మూసిన తలుపు, మూడూ కలవాలి. ఈ మూడింట్లో బయటివాళ్ళం మార్చగలిగింది మూడోది ఒక్కటే. అందుకే అది నా వాదనకు కేంద్రం.

అన్నిటికన్నా బలమైన అభ్యంతరం ఢిల్లీ నుంచి వస్తుంది. 2018 జూలై 1న బురాడీలో ఒకే ఇంట్లో పదకొండుమంది చనిపోయి కనిపించారు, వాళ్ళలో పదిమంది ఉరికి వేలాడుతూ. వాళ్ళది ఒంటరి కుటుంబం కాదు. వీధిలో దుకాణం ఉంది, పిల్లలు చదువుకుంటున్నారు, కొద్దిరోజుల ముందే ఇంట్లో నిశ్చితార్థం జరిగింది, చుట్టుపక్కల అందరితో మంచిగా ఉండేవారు. చనిపోయిన తండ్రి ఆదేశాలుగా వాళ్ళు నమ్మిన మాటలు పదకొండేళ్ళ పాటు నోటు పుస్తకాల్లో రాసుకున్నారు. వాళ్ళు చావాలనుకోలేదని, క్రతువు చేస్తూ ప్రమాదవశాత్తు ప్రాణాలు పోయాయని తర్వాత జరిగిన మానసిక శవపరీక్ష తేల్చింది. ఇంత కలివిడిగా ఉన్న ఇంట్లో ఇది జరిగితే ఏకాంతం సిద్ధాంతం ఏమైనట్టు? నన్నడిగితే బురాడీ ఆ సిద్ధాంతాన్ని కూల్చలేదు, సరిదిద్దింది. దుకాణంలో కూర్చున్నవాళ్ళు సరుకుల ధరలు మాట్లాడారు, వాతావరణం మాట్లాడారు, పిల్లల చదువులు మాట్లాడారు. నోటు పుస్తకాల మాట మాత్రం పదకొండేళ్ళలో ఒక్కసారీ గడప దాటలేదు. మనుషులు బయట తిరిగారు, నమ్మకం ఇంట్లోనే ఉండిపోయింది. ఏకాంతానికి కొలత మూసిన తలుపు కాదు, బయటివారి ముందు ఎన్నడూ ఎత్తని విషయం. ఆ కొలతతో చూస్తే రోజూ లిఫ్టులో నలుగురికి నవ్వుతూ నమస్కారం పెట్టే జంట కూడా ఒంటరి కావచ్చు.

ఇదే కారణంగా చికిత్స కూడా అనుకున్నంత తేలిక కాదు. ఇద్దర్నీ విడదీస్తే రెండోవారు తమంతట తామే కోలుకుంటారని లసేగ్, ఫాల్రేలు ఆశించారు. కొందరిలో అలాగే జరుగుతుంది. చాలామందిలో జరగదు, వారికీ మందులు కావలసి వస్తుంది. షెరీఫ్ గదిలో నేర్చుకున్న అంకె ఒంటరిగా ఉన్నా మారలేదు గదా, ఇదీ అంతే. పైగా నలభై ఏళ్ళు కలిసి బతికిన ముసలి దంపతుల్ని విడదీయడం మరో గాయం. మొదటివారికి నయం చేయకుండా రెండోవారిని ఇంటికి పంపితే పోయిన భ్రమ మళ్ళీ వచ్చి కూర్చుంటుంది. ఇద్దర్నీ విడివిడిగా పరీక్షించి, ఇద్దరికీ తగినట్టు వైద్యం చేసి, ఆ ఇంటికి రాకపోకలు మళ్ళీ ఏర్పాటు చేయడం కావాలి. ఈ చివరి పని ఏ ప్రిస్క్రిప్షన్లోనూ ఉండదు. చట్టంలోనూ ఒక ఖాళీ ఉంది. 2017 మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం రోగి తరఫున నిర్ణయాలకు నామినేటెడ్ ప్రతినిధిని గుర్తిస్తుంది. రోగి ఎవరినీ నియమించకపోతే ఆ బాధ్యత సాధారణంగా బంధువుదే. మామూలు జబ్బులో ఇది న్యాయమైన ఏర్పాటు. ఇద్దరి భ్రమలో ఆ బంధువే రెండో రోగి! మానసిక ఆరోగ్య సమీక్షా బోర్డుకు ప్రతినిధిని మార్చే అధికారం ఉంది గానీ, అక్కడిదాకా తీసుకెళ్ళేందుకు ఎవరో బయటివారు పూనుకోవాలి.

విచిత్రంగా బతికే ప్రతి జంటనూ ఆసుపత్రికి పంపమంటారా అని ఎవరైనా నిలదీస్తే, వద్దనే అంటాను. ఎవరితోనూ కలవకపోవడం, పండక్కి తలుపు తీయకపోవడం, పదహారు పిల్లుల్ని పెంచడం జబ్బులు కావు. పిచ్చి అన్న ముద్ర వేసి కులాంతర జంటల్నీ, ఆస్తి ఉన్న వృద్ధుల్నీ వేధించినవాళ్ళు మన సమాజంలో తక్కువేం లేరు. చూడాల్సింది వింతతనం కాదు, నష్టం: తిండి, వైద్యం, నిద్ర మానేయడం, ఇంట్లో పిల్లలో ముసలివాళ్ళో చిక్కుకుపోవడం, ఇతరులకు హాని చేస్తామనడం, మునుపు పలకరించే ఇద్దరూ ఒకేసారి ఒకే భయంతో ముఖం చాటేయడం. ఇవి కనిపిస్తే ఎదురు వాదించి నెగ్గాలని చూడకూడదు. వాదన భ్రమకు ఎరువు, వాదించినవాడు శత్రువుల జాబితాలో చేరతాడు. పనిమీద వెళ్ళినట్టు వెళ్ళి, మాట కలిపి, మళ్ళీ వెళ్ళడమే మొదటి మెట్టు. కడలిలో తలుపు తట్టింది వైద్యుడు కాదు, వేలిముద్ర కోసం వచ్చిన వాలంటీర్.

మధురవాడ ఈ విషయంలో ఆలోచించదగిన చోటు. కంబాలకొండ అడవికీ రుషికొండ తీరానికీ నడుమ ఒకప్పుడు ఊరుగా ఉన్నది, ఇప్పుడు ఐటీ ఆఫీసులూ అపార్టుమెంట్లూ నిండిన బస్తీ. రాత్రిళ్ళు ఇంట్లోంచే పనిచేసేవాళ్ళు, పిల్లలు విదేశాల్లో ఉన్న దంపతులు, ఎక్కడెక్కడి నుంచో వచ్చి పక్క ఫ్లాట్‌లో చేరినవాళ్ళు ఇక్కడ మామూలు. సరుకులు యాప్‌లో వస్తాయి, సంచి తలుపు ముందు పెట్టి వెళ్ళిపోతారు. కిరాణా కొట్టు శెట్టిగారు 'అమ్మగారు రెండు వారాలుగా రాలేదేం' అని అడిగే వీలు అక్కడ లేదు. ఇంటికి సరుకులందించే చేతికి ముఖమే లేకుండా పోయింది. ఫోన్ ఉంది కదా అంటారు. ఫోన్లో మనం ఎంచుకున్నవారే పలుకుతారు, నచ్చనివారిని ఒక్క మీటతో మూసేయవచ్చు. 'మా ఇంట్లోనూ అంతే' అనే మాట మనం అడగకుండానే చెప్పేది గోడ అవతలివారే. అపార్టుమెంట్ సంఘాలు నీళ్ళ ట్యాంకుకు, లిఫ్టుకు, వినాయక చవితికి సభలు పెడతాయి. నెల రోజులుగా తలుపు తీయని ఫ్లాట్ ఎవరి బాధ్యతో ఏ సంఘమూ రాసుకోదు. రాసుకోవాలి. వాచ్‌మన్‌కు, పనమ్మాయికి తెలిసిన సంగతి సంఘం కార్యదర్శికి తెలియకపోవడం సిగ్గుచేటు.

మానసిక అనారోగ్యం ఉన్న మనిషి నిర్లక్ష్యానికో హింసకో గురవుతున్నట్టు నమ్మడానికి కారణం ఉంటే ఎవరైనా స్థానిక పోలీస్ స్టేషన్‌లో తెలియజేయవచ్చు, దాన్ని మేజిస్ట్రేట్ దృష్టికి తీసుకెళ్ళే బాధ్యతను 2017 చట్టం పోలీసుల మీద పెట్టింది. అంతదాకా పోకముందే సలహా కావాలంటే, 2022 అక్టోబరు 10న కేంద్రం ప్రారంభించిన టెలి మానస్ ఉంది. నంబరు 14416. ఇరవైనాలుగు గంటలూ తెలుగులో మాట్లాడతారు, డబ్బులు పడవు. రోగే ఫోన్ చేయనక్కర్లేదు, బంధువో పక్కింటివారో కూడా చేయవచ్చు.